మా అమ్మాయి అబ్‌స్ట్రాక్ట్ బొమ్మలు వేస్తోంది, ఆ చిత్రకారుల గురించి నేను ఎక్కడ మొదలుపెట్టాలి?

ఆమదాలవలస నాన్న

అందరికీ నమస్కారం. మా అమ్మాయి విశాఖపట్నంలో బీఎఫ్ఏ రెండో ఏడాది చదువుతోంది. చిన్నప్పటి నుంచి చేయి మంచిది. ఇంటర్‌లో ఉన్నప్పుడు మా నాన్నగారి ఫోటో చూసి వేసిన పెన్సిల్ బొమ్మ మా హాల్లో ఉంది, వచ్చినవాళ్లంతా ముందు దాని గురించే అడుగుతారు. ఈ సంక్రాంతికి ఇంటికి వస్తూ ఒక చుట్ట నిండా బొమ్మలు తెచ్చింది. ఒక్కదాంట్లోనూ మనిషి లేడు, చెట్టు లేదు, ఇల్లు లేదు. రంగులు, వాటి మీద గీతలు, కొన్నిచోట్ల గోకిన గుర్తులు, అంతే. బాగుందమ్మా అన్నాను గానీ నాకు ఏమీ అందలేదని తనకి తెలిసిపోయింది. కాండిన్‌స్కీ అంది, రోత్కో అంది, గాయ్‌తోండే అంది. నేను బ్యాంకులో లెక్కలు చూసుకునేవాణ్ని, ఈ పేర్లు ఎప్పుడూ వినలేదు.

మా తరానికి బొమ్మంటే వడ్డాది పాపయ్య గారు. మన శ్రీకాకుళంలోనే పుట్టిన మనిషి. చందమామలో, యువలో ఆయన బొమ్మలు చూస్తూ పెరిగాం, కథ చదవకముందే బొమ్మ దగ్గర ఆగిపోయేవాళ్లం. అలాంటి బొమ్మ వేయగల చేయి ఉండి కూడా మనిషిని వేయడం ఎందుకు మానేస్తారు? దీన్ని ఎవరు మొదలుపెట్టారు? మనదేశం వాళ్లు ఎవరైనా ఉన్నారా, లేక అంతా విదేశాల నుంచి వచ్చిందేనా? దయచేసి పేర్ల జాబితా పెట్టకండి, అది వెతికితే నాకూ దొరికింది. మా అమ్మాయితో కూర్చుని మాట్లాడగలిగేంత తెలుసుకోవాలని ఉంది.

---

డ్రాయింగ్ మాస్టారు (విజయనగరం)

నమస్కారం అండి. బళ్లలో చాలాకాలం డ్రాయింగ్ చెప్పి రిటైరయ్యాను. పేర్ల జాబితా వద్దన్నారు చూడండి, ఆ మాట నాకు నచ్చింది. ఈ బొమ్మలు అర్థం కాలేదనే వాళ్లందరికీ నేను చెప్పేది ఒకటే: ఒక్క బొమ్మ పట్టుకుని కూర్చోకండి, ఒకే మనిషి వేసిన బొమ్మల్ని ఏ ఏడాదిలో ఏది వేశాడో చూసుకుంటూ వరసగా చూడండి. అలా చూసినప్పుడు మనిషినో చెట్టునో మానేయడం ఒక్కరోజులో జరగలేదని మీకే తెలుస్తుంది.

మోండ్రియాన్‌తో మొదలుపెట్టండి. హాలెండ్ వాడు, 1872లో పుట్టాడు. తెల్లటి కాన్వాసు మీద నల్లటి నిలువు గీతలు, అడ్డగీతలు, మధ్యలో ఎరుపు, పసుపు, నీలం గళ్లు. ఆయన పేరు తెలియనివాళ్లు కూడా ఆ గళ్లు ఎక్కడో చూసే ఉంటారు, 1965లో పారిస్‌లో ఆడవాళ్ల గౌన్ల మీదకి కూడా వచ్చేశాయి. ఆ గళ్ల బొమ్మ ఒక్కటే చూస్తే స్కేలు పెట్టి నేనూ గీసేస్తాను అనిపిస్తుంది. అదే మనిషి 1908 ప్రాంతంలో చెట్టు వేశాడు, నీలం నేపథ్యంలో ఎర్రగా మండుతున్న చెట్టు, కొమ్మలన్నీ స్పష్టంగా కనబడతాయి. 1911లో మళ్లీ చెట్టే వేశాడు, ఈసారి బూడిదరంగులో. ఇందులో కొమ్మలు వంపు గీతలయ్యాయి, కొమ్మకీ కొమ్మకీ మధ్య ఉన్న ఖాళీకి కూడా కొమ్మకి పెట్టినంత రంగు పెట్టాడు. 1912లో పూసిన ఆపిల్ చెట్టు వేశాడు, పేరు చెప్పకపోతే అది చెట్టని పోల్చుకోవడం కష్టం, వంపులు మాత్రం మిగిలాయి. 1915 నాటికి సముద్రాన్నీ, అందులోకి చొచ్చుకెళ్లిన కట్టడాన్నీ చూసి చిన్న చిన్న అడ్డగీతలు, నిలువుగీతలుగా మార్చేశాడు. ఆ తర్వాత 1920, 21 ప్రాంతంలో మీరు చూసే ఆ గళ్లు. చెట్టు నుంచి గళ్ల దాకా పదేళ్లకు పైనే పట్టింది, అప్పటికి ఆయనకి యాభై దగ్గర పడ్డాయి. ఆ పదేళ్ల బొమ్మలు వరసగా చూశాక నాకు ఆ గళ్లలో ఒక గీత ఇంకొంచెం పక్కకి ఎందుకు లేదో అర్థం కావడం మొదలైంది.

ఇంకోమాట. పారిస్‌లో ఉండగా డబ్బులకి ఇబ్బందై ఈయన పువ్వుల బొమ్మలు వేసి అమ్ముకున్నాడు, చాలా అందమైన పువ్వులు. చేయి రాక గీతలు గీసుకున్నాడనేవాళ్లకి ఆ పువ్వులు చూపించాలి. మీ హాల్లో ఉన్న మీ అమ్మాయి పెన్సిల్ బొమ్మ కూడా అలాంటిదే, ఆ చేయి ఎక్కడికీ పోలేదు.

కాండిన్‌స్కీ దారి వేరు. మాస్కోలో పుట్టి లా చదివాడు, యూనివర్సిటీలో ఉద్యోగం ఇస్తామంటే వదులుకుని 30 ఏళ్ల వయసులో బొమ్మలు నేర్చుకోవడానికి మ్యూనిక్ వెళ్లాడు. అంతకుముందు మాస్కోలో ఒక ప్రదర్శనలో ఫ్రెంచి చిత్రకారుడు మోనే వేసిన గడ్డివాము బొమ్మ చూశాడు. అది గడ్డివామని వెంటనే గుర్తుపట్టలేకపోయాడు, అయినా ఆ రంగులు మనసులోంచి పోలేదు. మ్యూనిక్‌లో ఉండగా ఒక సాయంత్రం చీకటిపడే వేళ స్టూడియోకి వచ్చేసరికి గోడకి ఆనించి ఉన్న ఒక బొమ్మ అద్భుతంగా కనబడింది, ఏమిటో పోల్చుకోలేకపోయాడు, దగ్గరికెళ్తే అది తన బొమ్మే, పక్కకి తిప్పి పెట్టి ఉంది. బొమ్మలో వస్తువు తనకి అడ్డొస్తోందని అప్పుడు అనిపించిందని ఆయనే రాసుకున్నాడు. 1913లో వేసిన పెద్ద బొమ్మ, కంపోజిషన్ 7, మాస్కోలో త్రెత్యాకోవ్ గ్యాలరీలో ఉంది. దానికోసం ముందు వేసుకున్న స్కెచ్‌లు పదుల్లో ఉన్నాయి, బొమ్మ మాత్రం నాలుగు రోజుల్లో పూర్తి చేశాడు. ఎడాపెడా రంగు పులిమినట్టు కనబడే చోట కూడా ముందే ఆలోచన ఉందన్నమాట.

---

కోట వెనక వీధి

మాస్టారు చెప్పినదానికి ఒకటి కలుపుతాను. నేను విజయనగరంలో వయొలిన్ నేర్చుకున్నాను, బొమ్మలు వేయడం రాదు గానీ కాండిన్‌స్కీ దగ్గరికి సంగీతం వైపు నుంచి వచ్చాను. ద్వారం వెంకటస్వామి నాయుడు గారు పాఠం చెప్పిన ఊరు మనది. ఆయన వయొలిన్ మీద రాగం ఆలాపన చేస్తుంటే అందులో మాట ఒక్కటీ ఉండదు, అయినా దీని అర్థమేమిటండీ అని ఎవరూ అడగలేదు, కళ్లు మూసుకుని విన్నారు. అదే పని రంగుతో చేస్తే మాత్రం ఏముంది ఇందులో అంటాం.

ఇది నా సొంత పోలిక కాదు, కాండిన్‌స్కీ ఆలోచనే ఇది. 1911 జనవరిలో మ్యూనిక్‌లో షోన్‌బెర్గ్ అనే సంగీతకారుడి కచేరీ విని వచ్చి, దాని మీదే బొమ్మ వేశాడు, సగం కాన్వాసు నిండా పసుపు, పైన నల్లటి పియానో ఆకారం. కొద్ది రోజులకే ఆయనకి ఉత్తరం రాశాడు, అక్కణ్నుంచి ఇద్దరికీ స్నేహం. బొమ్మలకి పేర్లు కూడా ఇంప్రొవైజేషన్, కంపోజిషన్ అని పెట్టి నంబర్లు వేసుకున్నాడు. పది కంపోజిషన్లు, వాటిలో మొదటి మూడూ రెండో ప్రపంచ యుద్ధంలో నాశనమయ్యాయి. నాన్నగారూ, మీ అమ్మాయి బొమ్మ చూసేటప్పుడు అర్థం ఏమిటని అడగకుండా ఏ రంగు ముందు పెట్టావు, దాని మీద ఏది వచ్చింది, ఎక్కడ ఆపాలని ఎలా తెలిసింది అని అడిగి చూడండి. వేసేవాళ్లకి ఆ ప్రశ్నలు చాలా ఇష్టం.

---

పాత బస్టాండు

మాస్టారి మీద గౌరవంతోనే అడుగుతున్నాను, నాకు ఇది మింగుడుపడదు. చెట్టు నుంచి గళ్లకి వచ్చాడంటే సరే, ఒప్పుకుంటాను. మరి రష్యాలో ఒకాయన తెల్ల గుడ్డ మీద నల్ల చదరం వేసి వదిలేశాడు కదా, దానికి ఏ వరస చూడాలి? ఒక పక్క ఇంటింటికీ బోర్డులు రాసి బతికే ఆర్టిస్టు శ్రీకాకుళంలో ఫ్లెక్సీలొచ్చి పని పోగొట్టుకున్నాడు, ఇంకో పక్క ఇలాంటి బొమ్మలకి కోట్లు పెడుతున్నారు. ఆ పిల్లకి ఎవరైనా నిజం చెప్పాలి, ఇక్కడ దీంతో అన్నం దొరకడం కష్టమని.

---

డ్రాయింగ్ మాస్టారు (విజయనగరం)

బోర్డులు రాసేవాళ్ల గురించి మీరన్నది నిజం బాబూ, నా దగ్గర చదువుకున్నవాళ్లే ఉన్నారు అందులో. ఫ్లెక్సీ వాళ్ల పని తీసుకుపోయింది, మాలెవిచ్ కాదు. ఆ నల్ల చదరం వేసిన ఆయన పేరు కజిమిర్ మాలెవిచ్. దానికీ వరస ఉంది. అంతకుముందు ఆయన రైతుల్నీ, కట్టెలు కొట్టేవాళ్లనీ, కోతలు కోసేవాళ్లనీ వేశాడు, డబ్బాల్లాంటి ముక్కలతో కట్టిన మనుషులు. 1915 డిసెంబరులో పెట్రోగ్రాడ్‌లో ఒక ప్రదర్శన పెట్టారు, అప్పటికి మొదటి ప్రపంచ యుద్ధం రెండో ఏట ఉంది. ఆ నల్ల చదరాన్ని గోడ మధ్యలో పెట్టలేదు, గది మూలన, పైకప్పుకి దగ్గరగా పెట్టాడు. రష్యన్ ఇళ్లలో దేవుడి పటం పెట్టే చోటు అది. చూడ్డానికి వచ్చినవాళ్లందరికీ ఆ సంగతి అడగకుండానే తెలిసింది, అందుకే అంత గొడవైంది. దగ్గర్నుంచి చూస్తే చదరం నాలుగు భుజాలూ సమానంగా ఉండవు, చేత్తో వేసిందే. నల్లరంగు బీటలు వారి లోపలి రంగులు కనబడుతున్నాయి, దాని కింద వేరే బొమ్మలున్నాయని ఎక్స్‌రేలో తేలింది.

తర్వాత ఆయనకి ఏమైందో కూడా తెలుసుకోవాలి. సోవియట్ ప్రభుత్వానికి ఇలాంటి బొమ్మలు పనికిరాలేదు, అర్థమయ్యే బొమ్మలు కావాలన్నారు. 1930లో ఆయన్ని అరెస్టు చేసి ప్రశ్నించారు. చివరి రోజుల్లో మళ్లీ మనుషుల్ని వేశాడు, 1933లో తన బొమ్మ తనే వేసుకుని, సంతకం పెట్టాల్సిన మూల చిన్న నల్ల చదరం పెట్టాడు. 1935లో చనిపోయినప్పుడు శవం తల వైపు గోడ మీద ఆ చదరాన్నే ఉంచారు. మీకు ఆ బొమ్మ నచ్చాలని నేననను. ఉత్తినే వేసి వదిలేశాడు అనడం మాత్రం ఒప్పుకోను, దానికోసం ఆయన చాలా పోగొట్టుకున్నాడు.

డబ్బు మాట వేరు. వేలంలో కోట్లు పలికేది చాలాసార్లు చిత్రకారుడు పోయాకే, ఆ డబ్బు వెళ్లేది బొమ్మ కొనుక్కున్నవాడికి. మీ అమ్మాయి చదువు పూర్తయ్యాక టీచరుగానో డిజైన్ వైపో పని చూసుకుంటూ బొమ్మలు వేసుకోవచ్చు. కాండిన్‌స్కీ కూడా జర్మనీలో బౌహౌస్ అనే కళ, డిజైన్ స్కూల్లో 1922 నుంచి 1933లో నాజీల ఒత్తిడికి అది మూతపడే దాకా పాఠం చెప్పాడు.

---

రాజాం పంతులమ్మ

ఇంతసేపూ అందరూ మగవాళ్ల పేర్లే చెబుతున్నారు. ఎవరు మొదలుపెట్టారని నాన్నగారు అడిగారు కదా, ఆ ప్రశ్నకి హిల్మా ఆఫ్ క్లింట్ పేరు రాకపోతే జవాబు సగమే.

స్వీడన్ ఆవిడ, 1862లో పుట్టారు. స్టాక్‌హోమ్‌లో రాయల్ అకాడమీలో చదివారు, ప్రకృతి దృశ్యాలు, మనుషుల బొమ్మలు, మొక్కల బొమ్మలు వేసి సంపాదించుకునేవారు. 1906 నుంచి ఇంకో రకం బొమ్మలు మొదలుపెట్టారు, ఒక ఆలయం కోసమని, మొత్తం 193. అందులో 1907లో వేసిన పది బొమ్మలు మూడు మీటర్లకు పైగా ఎత్తుంటాయి, కాగితం నేల మీద పరిచి వేశారు, పసితనం నుంచి ముసలితనం దాకా మనిషి జీవితం అందులో విషయం. గులాబీ, నారింజ, లేత నీలం, వాటి మీద చుట్టలు చుట్టుకున్న తీగల్లాంటి ఆకారాలు, అక్షరాలు. కాండిన్‌స్కీ మొదటి అబ్‌స్ట్రాక్ట్ అని చాలామంది చెప్పే బొమ్మ మీద 1910 అని ఉంది, అదీ నిజానికి 1913లో వేసి ఉండొచ్చని పండితుల వాదన. ఈవిడవి అంతకంటే ముందువి. తను పోయిన ఇరవై ఏళ్ల దాకా వీటిని ఎవరికీ చూపించొద్దని చెప్పి 1944లో కన్నుమూశారు. ఆవిడ పోయాక జనం ముందుకి మొదటిసారి వచ్చింది 1986లో, లాస్ ఏంజెలస్‌లో. 2018లో న్యూయార్క్‌లో గుగెన్‌హైమ్ మ్యూజియంలో పెడితే ఆరు లక్షలమందికి పైగా వచ్చారు, ఆ మ్యూజియం చరిత్రలోనే అంతమంది ఎప్పుడూ రాలేదు.

మీరు ఇంకోటి కూడా అడిగారు, అంతా విదేశాల నుంచి వచ్చిందేనా అని. హిల్మా, కాండిన్‌స్కీ, మోండ్రియాన్, ముగ్గురూ దివ్యజ్ఞాన సమాజం (థియోసాఫికల్ సొసైటీ, అన్ని మతాల వెనకా ఒకే సత్యం ఉందని నమ్మే సంఘం) పుస్తకాలు చదివినవాళ్లే. మోండ్రియాన్ 1909లో హాలెండ్ శాఖలో సభ్యుడిగా చేరాడు. ఆ సమాజం ప్రధాన కార్యాలయం 1882 నుంచి మన మద్రాసు అడయారులో ఉంది. ఆ సమాజం పెద్దలు అనీ బిసెంట్, లెడ్‌బీటర్ కలిసి 1900ల మొదట్లో ఒక పుస్తకం వేశారు, కోపానికి ఏ రంగు, భక్తికి ఏ రంగు, సంగీతం వింటే గాలిలో ఏ ఆకారం లేస్తుంది అని రంగుబొమ్మలతో సహా. కాండిన్‌స్కీ దగ్గర ఆ పుస్తకం ఉండేది. ఆ బొమ్మలు ఇప్పుడు చూస్తే హిల్మా బొమ్మలకి అక్కల్లా ఉంటాయి. మన ఉపనిషత్తుల నుంచే అంతా పోయిందని నేననను, అది అతిశయం అవుతుంది. కానీ మద్రాసు నుంచి యూరప్‌కి వెళ్లిన ఆలోచనలు ఈ బొమ్మల వెనక ఉన్నాయన్నది చరిత్ర. మన డిగ్రీ పుస్తకాల్లో ఈ ముక్క ఎందుకు రాయరో నాకు అర్థం కాదు.

---

ఆమదాలవలస నాన్న

మీ అందరికీ ఎలా చెప్పాలో తెలియడం లేదు. మోండ్రియాన్ చెట్లు రాత్రి ఫోన్‌లో వరసగా చూశాను, మా ఆవిడ కూడా చూసింది, బూడిదరంగు చెట్టు దగ్గర ఇద్దరం ఆగిపోయాం. పంతులమ్మ గారూ, అడయారు సంగతి నాకు పూర్తిగా కొత్త. ఇప్పుడు గాయ్‌తోండే గురించి ఎవరైనా చెబుతారా? మా అమ్మాయి ఎక్కువగా ఆయన పేరే తలుచుకుంటోంది.

---

పలాస టు బరోడా

నాది పలాస, బరోడాలో పెయింటింగ్‌లో ఎంఎఫ్ఏ చేస్తున్నాను. మీ అమ్మాయి గాయ్‌తోండే అందంటే మంచి దారిలో ఉంది అంకుల్.

వాసుదేవ్ గాయ్‌తోండే 1924లో నాగపూర్‌లో పుట్టారు, గోవా కుటుంబం. బొంబాయి జేజే ఆర్ట్ స్కూల్‌లో 1948లో డిప్లొమా. ఆయన మొదటి బొమ్మల్లో మనుషులున్నారు, పాతకాలపు జైన చిత్రాల, జమ్మూ వైపు బసోలీ చిత్రాల రంగులున్నాయి. అవి క్రమంగా పోయాయి. బ్రష్ బదులు రోలర్, పెయింటింగ్ నైఫ్ వాడేవారు. రంగు ఒక పొర వేయడం, దాన్ని కొంత తీసేయడం, మళ్లీ వేయడం, చిరిగిన కాగితం ముక్కలతో రంగు అద్దడం. దగ్గర నుంచి చూస్తే పాత గోడ మీద వెలుతురు పడ్డట్టు లోపల్నుంచి ఏదో వస్తూ ఉంటుంది. ఏడాదికి వేసేవి ఐదో ఆరో. మిగతా కాలమంతా కూర్చుని ఆలోచించడమే, జెన్ బౌద్ధం అంటే ఇష్టం, రమణ మహర్షినీ జిడ్డు కృష్ణమూర్తినీ చదివేవారు. 1964లో ఫెలోషిప్ మీద న్యూయార్క్ వెళ్లి రోత్కో లాంటి వాళ్ల పని చూసి వచ్చారు, కానీ అప్పటికే ఆయన తన దారిలో చాలా దూరం వచ్చేశారు, అమెరికా చూసి నేర్చుకున్నాడనడం తప్పు. 1972లో ఢిల్లీకి మారారు. 1984లో ప్రమాదం జరిగి పెద్ద కాన్వాసులు వేయలేని కాలం వచ్చింది, అప్పుడు చిన్న కాగితాల మీద సిరాతో వేసుకున్నారు. 2001లో పోయారు. 2013లో ముంబైలో జరిగిన వేలంలో ఆయన బొమ్మ 23.7 కోట్లు పలికింది, ఆ తర్వాతి ఏడాది గుగెన్‌హైమ్‌లో పెద్ద ప్రదర్శన పెట్టారు. బతికున్నప్పుడు మాత్రం బర్సాతీ అని ఢిల్లీలో అంటారే, డాబా మీద చిన్న గది, అందులోనే గడిపారు. పాత బస్టాండు అన్నయ్యా, మాస్టారు చెప్పిన డబ్బు సంగతికి ఇంతకంటే ఉదాహరణ లేదు.

చిత్రకారుడు ఎస్.హెచ్. రజా గారి బొమ్మలు ఎక్కువమందికి తెలుసు. మధ్యప్రదేశ్ మండ్లా జిల్లా, తండ్రి అడవి శాఖలో ఉద్యోగి. బళ్లో పిల్లాడు కుదురుగా ఉండటం లేదని మాస్టారు గోడ మీద చుక్క పెట్టి దాన్నే చూస్తూ కూర్చోమన్నారట, ఆ చుక్కే ఎన్నో ఏళ్లకి, ఫ్రాన్స్‌లో ఉండగా, బిందువై బొమ్మలోకి వచ్చింది. అరవై ఏళ్లు ఫ్రాన్స్‌లో ఉండి చివరికి ఢిల్లీ వచ్చేశారు, 2016లో పోతే మండ్లాలోనే తండ్రి సమాధి పక్కన ఖననం చేశారు. నిజం చెప్పాలంటే నాకు చివరి బిందువులకంటే 1970ల్లో వేసిన రాజస్థాన్ బొమ్మలు ఎక్కువ ఇష్టం, ఎర్రటి ఎండ మండిపోతూ ఉంటుంది వాటిలో. బిందువు తర్వాత్తర్వాత మరీ పదేపదే వచ్చింది.

కానీ నేను మీ అమ్మాయిని చూడమనేది నస్రీన్ మొహమ్మదీని. 1937లో కరాచీలో పుట్టి, మా బరోడా ఫ్యాకల్టీలోనే 1972 నుంచి పాఠం చెప్పారు, 1990లో 53 ఏళ్లకే పోయారు. రంగు లేదు. తెల్ల కాగితం, పెన్సిల్, సిరా, ఇంజనీర్లు వాడే డ్రాయింగ్ పరికరాలు. గీత, దాని పక్కన గీత, ఒకచోట కొంచెం దూరం పెరుగుతుంది, ఒకచోట గీత సన్నబడి మాయమవుతుంది. నరాల జబ్బు వల్ల చేయి అదుపు తప్పుతున్న కాలంలో కూడా ఆ గీతలు గీశారు. చాలా బొమ్మలకి పేరు పెట్టలేదు, తేదీ కూడా వేయలేదు. 2016లో న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియం కొత్త శాఖ తెరిచినప్పుడు మొదటి ప్రదర్శనల్లో ఆవిడదొకటి. ఇక్కడ నడవాల్లో ఆవిడ దగ్గర చదువుకున్నవాళ్లు ఆవిడ గురించి ఇప్పటికీ గొంతు తగ్గించి మాట్లాడతారు.

తెలుగువాళ్లు ఎవరైనా అంటే గుడివాడలో పుట్టి, లండన్‌లో చదివి, చికాగోలో స్థిరపడ్డ ఎస్.వి. రామారావు గారు. 2001లో పద్మశ్రీ వచ్చింది.

---

సీతంపేట కుర్రోడు

అందరూ చదువుకున్నవాళ్ల గురించే చెబుతున్నారు. మా సీతంపేట వైపు (ఇప్పుడు పార్వతీపురం మన్యం జిల్లా అన్నారు గానీ మొన్నటిదాకా శ్రీకాకుళమే) సవర గిరిజనుల ఇళ్లలో గోడల మీద త్రిభుజాల మనుషులు, గీతల చెట్లు ఎప్పటి నుంచో ఉన్నాయి. మరి అది అబ్‌స్ట్రాక్ట్ కాదా? మా తాతలు కాండిన్‌స్కీకంటే ముందే వేశారు కదా.

---

పలాస టు బరోడా

తమ్ముడూ, ముందే వేశారన్నది నిజం, గౌరవం ఇవ్వాలన్నదీ నిజం. కానీ దాన్ని అబ్‌స్ట్రాక్ట్ అంటే ఆ బొమ్మకే అన్యాయం చేసినట్టు. సవర బొమ్మ ఎర్రమట్టి గోడ మీద బియ్యప్పిండితో, ఫలానా పెద్దల కోసం, ఫలానా దేవత కోసం వేస్తారు. చుట్టూ గీసిన చట్రం ఆ దేవత ఇల్లు, లోపల ఉన్న ప్రతి మనిషీ, జంతువూ ఎందుకున్నాయో వేసినవాళ్లకి తెలుసు. అందులో వస్తువు పోలేదు, నిండుగా ఉంది. మోండ్రియాన్ చేసింది చెట్టుని తీసేయడం, మీ తాతలు చేసింది చెట్టుని పిలవడం. రెండూ గొప్పవే, పనులు వేరు.

ఈ విషయం మీద గట్టిగా ఆలోచించినవాడు చిత్రకారుడు జె. స్వామినాథన్. తను స్వయంగా కొండ, చెట్టు, పక్షి, వెనక ఒక్క రంగు పెట్టి బొమ్మలు వేసేవారు. 1982లో భోపాల్‌లో భారత్ భవన్ అనే కళాకేంద్రం మొదలైనప్పుడు గోండు, భిల్లు గిరిజన చిత్రకారుల బొమ్మల్ని నగరం చిత్రకారుల బొమ్మల పక్కనే, అదే ఎత్తులో పెట్టారు. వాళ్లు పాతకాలం వాళ్లు కాదు, మన కాలం చిత్రకారులే అన్నది ఆయన మాట. మీ ఊళ్లో వేసేవాళ్లు ఇంకా ఉంటే ఫోటోలు తీసి, ఎందుకు వేశారో అడిగి రాసి పెట్టు, అది చాలా అవసరం.

---

ఆమదాలవలస నాన్న

మా అమ్మాయికి ఈ పేజీ పంపించాను. హిల్మా గురించి తనకీ తెలియదట, సంబరపడింది. వేసవి సెలవుల్లో తనని ఎక్కడికైనా తీసుకెళ్లి అసలు బొమ్మలు చూపించాలనుకుంటున్నాను, విదేశాలు మా వల్ల కాదు. రోత్కో సంగతి కూడా ఎవరైనా చెప్పండి.

---

డ్రాయింగ్ మాస్టారు (విజయనగరం)

రోత్కో అసలు బొమ్మ చూడాలంటే ఇక్కణ్నుంచి కష్టమే అండి, ఫోన్‌లో చూస్తే రెండు రంగు పట్టీల్లా కనబడతాయి. అవి మనిషికంటే ఎత్తు. పల్చటి రంగు పొరమీద పొర వేశాడు, అంచులు తడిబట్ట అంచుల్లా మెత్తగా ఉంటాయి, చూసేవాళ్లు బాగా దగ్గరగా నిలబడాలని కోరుకునేవాడు. ఇప్పటి లాత్వియాలో 1903లో పుట్టిన యూదుల పిల్లాడు, పదేళ్లకి అమెరికా చేరాడు. 1930ల్లో న్యూయార్క్ భూగర్భ రైలు స్టేషన్లలో నిలబడ్డ సన్నటి మనుషుల్ని వేశాడు, అవి కూడా వరసలో చూడండి, ఆ స్తంభాలూ ఆ ఖాళీలూ తర్వాతి బొమ్మల్లోకి ఎలా వచ్చాయో తెలుస్తుంది. 1958లో న్యూయార్క్‌లో ఒక ఖరీదైన హోటల్ గోడలకి బొమ్మలు వేస్తానని ఒప్పుకుని, అక్కడ భోజనం చేసి వచ్చాక మనసు విరిగి డబ్బు తిరిగిచ్చేశాడు. వాటిలో తొమ్మిది లండన్ టేట్ గ్యాలరీకి ఇచ్చాడు, 1970 ఫిబ్రవరిలో అవి లండన్ చేరిన రోజే ఆయన తన ప్రాణం తనే తీసుకున్నాడు.

ఇక మీరు వెళ్లగలిగే చోట్లు. ఆమదాలవలసలో రైలెక్కి మద్రాసు వెళ్లొచ్చు. ఈసీఆర్ రోడ్డులో ఇంజంబాక్కం దగ్గర చోళమండల్ ఉంది, కె.సి.ఎస్. పణిక్కర్ గారూ ఆయన శిష్యులూ 1966లో కట్టుకున్న చిత్రకారుల ఊరు, లోపల మ్యూజియం ఉంది. పణిక్కర్ గారు 1963 నుంచి వేసిన బొమ్మల్లో జాతకచక్రాలు, లెక్కలు, చదవడానికి వీల్లేని అక్షరాలు ఉంటాయి. బ్యాంకు లెక్కల్లో జీవితం గడిపిన మీకు ఆ బొమ్మలు ముందు నచ్చుతాయని నా నమ్మకం. అక్కణ్నుంచి బెంగళూరు వెళ్లగలిగితే ప్యాలెస్ రోడ్డులో నేషనల్ గ్యాలరీ ఉంది, చెట్ల మధ్య పాత భవనం, ఒక పూట పడుతుంది. ఢిల్లీ ఎప్పుడైనా పని పడితే ఇండియా గేట్ దగ్గర నేషనల్ గ్యాలరీ, సాకేత్‌లో కిరణ్ నాడార్ మ్యూజియం. రెండోదాంట్లో నస్రీన్ గీతలున్నాయి, అయితే ఏవి బయట పెట్టారో మారుతుంటుంది కాబట్టి వెళ్లేముందు ఫోన్ చేసి కనుక్కోండి. సోమవారాలు చాలా గ్యాలరీలకి సెలవు, టిక్కెట్లు తీసేముందు అది చూసుకోండి.